తమ్ముడి మరణానికి పరిహారం: కేసు బెంగళూరులో వేయాలా, మదనపల్లెలో వేయాలా?

బొమ్మసంద్ర రమణ (శనివారం, రాత్రి 9.40)

అందరికీ నమస్కారం. మోటారు ప్రమాదాల పరిహారం కేసులను దగ్గరనుంచి చూసినవారు బెంగళూరు తెలుగువాళ్లలో కొందరైనా ఉంటారన్న నమ్మకంతో రాస్తున్నాను. మా చిన్నాన్న కొడుకు, వయసు 34, ఈ ఊళ్లో టైల్స్ మేస్త్రీగా పనిచేసేవాడు. పోయిన నెలలో ఒక రాత్రి పని ముగించుకుని బైకు మీద అత్తిబెలె వైపు వెళుతూ, హోసూరు రోడ్డు పక్కన లైట్లు లేకుండా నిలిపి ఉంచిన టిప్పరును వెనుకనుంచి గుద్దుకుని అక్కడికక్కడే ప్రాణం విడిచాడు. మరదలు, ఇద్దరు చిన్నపిల్లలు, మా చిన్నమ్మ అతని సంపాదన మీదే బతికేవారు. కర్మకాండలు ముగిశాక వాళ్లు మదనపల్లెలోనే ఉండిపోయారు. కాగితాల పని నా మీద పడింది.

మార్చురీ బయటే ఒకాయన మమ్మల్ని పలకరించి, ఖర్చులకు ఉంచుకోండంటూ 50,000 రూపాయలు చేతిలో పెట్టబోయి, రాతలేమీ లేని వకాలత్‌నామా (కేసు నడిపే అధికారం వకీలుకు ఇచ్చే కాగితం) మీద మరదలి సంతకం అడిగాడు. వచ్చే డబ్బులో పాతిక శాతం తమదని కూడా చెప్పాడు. మేము సంతకం పెట్టనివ్వలేదు. అంతకన్నా పెద్ద చిక్కు ఎఫ్ఐఆర్‌లో ఉంది. అది కన్నడంలో ఉన్నందువల్ల తెలిసినవారి చేత చదివించుకున్నాను. ఫిర్యాదు ఇచ్చింది టిప్పరు డ్రైవరే. మావాడు అతివేగంగా, నిర్లక్ష్యంగా వచ్చి నిలిచి ఉన్న బండిని గుద్దాడని అందులో రాశారు. తప్పు చనిపోయినవాడి మీదకే నెట్టినప్పుడు పరిహారం వస్తుందా? వచ్చేటట్లయితే కేసు ఇక్కడ వేయడం మంచిదా, మదనపల్లెలో వేయడం మంచిదా?

హెబ్బాళ ప్లీడరు (శనివారం, రాత్రి 11.05)

రమణ గారూ, మీ కుటుంబానికి నా సానుభూతి. బెంగళూరు నగరంలో ఈ పరిహారం కేసులను విచారించే ట్రిబ్యునళ్లు స్మాల్ కాజెస్ కోర్టులో నడుస్తాయి. నేను అక్కడే ప్రాక్టీసు చేస్తున్నాను. మీ ప్రశ్నలలో మొదటిది తేలితే తప్ప రెండోదానికి అర్థం ఉండదు కనుక ముందు ఎఫ్ఐఆర్ సంగతి చెబుతాను.

ఎఫ్ఐఆర్ పోలీసులకు మొదట అందిన సమాచారం మాత్రమే, అది తీర్పు కాదు. క్రిమినల్ కోర్టులోలాగా అనుమానానికి తావులేకుండా రుజువు చేయాల్సిన అవసరం ట్రిబ్యునల్‌లో లేదని, రెండు పక్షాలు చెప్పినదాంట్లో ఏది జరిగివుండడానికి ఎక్కువ అవకాశం ఉందో చూస్తే చాలునని సుప్రీంకోర్టు 2009లోనే స్పష్టం చేసింది. పైగా ఇతరులకు ప్రమాదం కలిగే విధంగా బండిని రోడ్డు మీద వదిలిపెట్టడాన్ని మోటారు వాహనాల చట్టం 122వ సెక్షన్ నిషేధిస్తోంది. హైవే మీద హెచ్చరిక గుర్తులు, పార్కింగ్ లైట్లు లేకుండా లారీని వదిలేసిన కేసులో, కర్ణాటక హైకోర్టు నుంచి వెళ్లిన అప్పీలు మీద, 2024లో సుప్రీంకోర్టు తప్పంతా లారీదేనని తేల్చింది.

అయితే ఈ మాట పట్టుకుని నిశ్చింతగా కూర్చోకండి. దర్యాప్తు అధికారి రేపు చనిపోయినవాడినే నిందితుడిగా చూపి, అతను మరణించినందువల్ల కేసు ముగిసిందని తుది నివేదిక పంపితే, బీమా కంపెనీ వకీలు చివరిదాకా ఆ కాగితాన్నే పట్టుకుంటాడు. కనుక మీ మరదలి పేరుతో ఇన్‌స్పెక్టరుకు రాతపూర్వకంగా మరొక ఫిర్యాదు ఇచ్చి, రసీదు తీసుకుని, పై అధికారికి ఒక ప్రతిని రిజిస్టరు పోస్టులో పంపండి. ఆ రాత్రి అక్కడికి ముందుగా వచ్చిన వ్యక్తి ఎవరైనా ఉంటే ఆయన వాంగ్మూలం తప్పక నమోదు చేయించండి. స్పాట్ మహజరు (ప్రమాదస్థలంలో పోలీసులు రాసే పంచనామా), స్కెచ్, మోటారు వెహికల్ ఇన్‌స్పెక్టర్ రిపోర్టు, పోస్టుమార్టం రిపోర్టు నకళ్లు తీసుకోండి. స్కెచ్‌లో టిప్పరు తారు అంచునుంచి ఎంత లోపలికి నిలిచిందో, ఇన్‌స్పెక్టర్ రిపోర్టులో దాని వెనుక లైట్లు, రిఫ్లెక్టర్ల గురించి ఏమి రాశారో, ఆ రెండు చోట్లే మీ కేసు నిలుస్తుంది లేదా పోతుంది.

పలమనేరు వాసి (ఆదివారం, ఉదయం 7.20)

ప్లీడరు గారు చెప్పినది చట్టం. కోర్టులో జరిగేది కూడా కొంచెం చెప్పాలి. నిలిచి ఉన్న లారీని వెనుకనుంచి గుద్దిన కేసుల్లో చాలా ట్రిబ్యునళ్లు తప్పును ఇద్దరికీ పంచుతాయి. చనిపోయినవాడి వంతు పాతిక శాతమని తేలితే మొత్తం పరిహారంలో పాతిక శాతం కోత పడుతుంది. హెల్మెట్ పెట్టుకోలేదని, లైసెన్సు లేదని మరికొంత కోసేందుకు కంపెనీ ప్రయత్నిస్తుంది. మొత్తం తప్పు బైకు నడిపినవాడిదేనని తేలితే మాత్రం, తప్పు ఎదుటివారిదని చూపి పరిహారం అడిగే, మోటారు వాహనాల చట్టం 166వ సెక్షన్ కింద అతని కుటుంబానికి ఏమీ రాదు. సొంత నిర్లక్ష్యంతో చనిపోయిన వ్యక్తి వారసులకు థర్డ్ పార్టీ పరిహారం ఉండదని 2025లో కూడా సుప్రీంకోర్టు చెప్పింది.

అందుకే నేను అడిగే మొదటి ప్రశ్న వేరు. ఆ బైకు ఎవరి పేరు మీద ఉంది? సొంత పేరు మీద ఉండి, పాలసీలో ఓనర్ కమ్ డ్రైవర్ (బండి నడిపే యజమానికి వర్తించే) వ్యక్తిగత ప్రమాద బీమాకు ప్రీమియం కట్టి, చెల్లుబాటు అయ్యే లైసెన్సు ఉంటే, తప్పు ఎవరిదన్న దానితో సంబంధం లేకుండా 15 లక్షలు వస్తాయి. మన కుర్రాళ్లు స్నేహితుడి బైకో, ఊళ్లో బావమరిది పేరు మీద ఉన్న బైకో తెచ్చి ఇక్కడ నడుపుతుంటారు. అప్పుడు ఆ 15 లక్షలు దక్కవు.

సుజాత, మారతహళ్ళి (ఆదివారం, ఉదయం 10.15)

రమణ గారూ, కేసు ఎక్కడ వేయాలన్న ప్రశ్న నాకూ ఒకప్పుడు ఎదురైంది. మావారు బళ్లారి రోడ్డులో లారీ ప్రమాదంలో చనిపోయారు. 166వ సెక్షన్ ప్రకారం ప్రమాదం జరిగిన చోట గానీ, పిటిషనరు నివసించే చోట గానీ, బండి యజమాని ఉండే చోట గానీ వేయవచ్చునని చెప్పారు. చంకలో బిడ్డతో బెంగళూరు కోర్టుకు తిరగలేనని నేను అనంతపురంలో వేశాను. మా జిల్లాలో, మా భాషలో, తెలిసిన ప్లీడరు ద్వారా నడిచినందువల్ల ప్రతి వాయిదాలో ఏమి జరిగిందో నాకు అర్థమయ్యేది. దాని విలువ తక్కువది కాదు.

కానీ సాక్ష్యం దగ్గరికి వచ్చేసరికి ఇబ్బంది పడ్డాము. మావారి యజమాని బెంగళూరు వదిలి అంత దూరం రానన్నాడు. పోలీసు కాగితాలన్నీ కన్నడంలో ఉన్నాయి. ప్రతి పుటకూ అనువాదం చేయించి ఇచ్చినా, ఆ అనువాదం సరిగా లేదని కంపెనీ వకీలు అభ్యంతరాలు చెబుతూ వచ్చారు. మీ తమ్ముడి కేసులో తప్పు ఎవరిదన్నదే వివాదం కాబట్టి, సాక్షులు ఇక్కడివాళ్లు కాబట్టి, మీ స్థానంలో నేనుంటే బెంగళూరులోనే వేస్తాను. మీ మరదలు సాక్ష్యం చెప్పే రోజున, మరి ఒకటి రెండు సార్లు వస్తే చాలు. తప్పు స్పష్టంగా లారీదే అయివుంటే మాత్రం మదనపల్లెలోనే వేయమని చెప్పేదాన్ని.

ఇంకొక మాట. మీ చిన్నమ్మను కూడా మొదటినుంచే పిటిషనరుగా చేర్చండి. అత్తగారిని వదిలేసి కోడలు ఒక్కతే వేసిందన్న మాట ఊళ్లో పుడితే, కేసు కన్నా ముందు ఇల్లు విరుగుతుంది. ఎవరి వాటా ఎంతో ట్రిబ్యునలే నిర్ణయిస్తుంది. పిల్లల వాటాను మైనారిటీ తీరేవరకు బ్యాంకులో డిపాజిట్ చేయిస్తారు, మధ్యలో చదువుకు కావాలంటే కోర్టు అనుమతితో తీసుకోవచ్చు. మా ఇంట్లో ఈ డిపాజిట్ మీద ఎంత గొడవ జరిగిందో చెప్పను గానీ, ఆ రక్షణ లేకపోతే నా కూతురి డబ్బు ఈపాటికి ఎవరి ఇంటి పునాదుల్లోనో ఉండేది.

లెక్కల మాస్టారు (ఆదివారం, మధ్యాహ్నం 2.30)

ఈ కేసులో ఎంత రావచ్చునో చెబితే, ఏ కాగితం కోసం ఎంత కష్టపడాలో రమణ గారికి తెలుస్తుంది. పద్ధతి 2009 నాటి సరళా వర్మ తీర్పులోనూ, 2017లో అయిదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఇచ్చిన ప్రణయ్ సేఠీ తీర్పులోనూ ఉంది.

నెలకు 25,000 రూపాయల ఆదాయం రుజువైందని అనుకుందాం. ఏడాదికి 3,00,000. మీ తమ్ముడు 40 ఏళ్లలోపు వాడు, స్వయం ఉపాధి కనుక భవిష్యత్తులో పెరిగే ఆదాయం కింద 40 శాతం కలుపుతారు (పర్మనెంటు ఉద్యోగి అయితే 50 శాతం). అది 4,20,000 అవుతుంది. ఆధారపడినవారు నలుగురు కనుక అతని సొంత ఖర్చుల కింద నాలుగో వంతు తీసేస్తే 3,15,000 మిగులుతుంది. 31 నుంచి 35 ఏళ్ల వయసుకు మల్టిప్లయర్ (వయసును బట్టి హెచ్చవేసే అంకె) 16. హెచ్చవేస్తే 50,40,000. దీనికి తోడు భార్యకు, పిల్లలకు, తల్లికి తోడు కోల్పోయినందుకు ఒక్కొక్కరికి, అంత్యక్రియలకు, అతను కూడబెట్టి మిగిల్చివుండే ఆస్తి పోయినందుకు విడివిడిగా కొంత ఇస్తారు. 2017లో 40,000, 15,000, 15,000గా పెట్టిన ఆ మొత్తాలు మూడేళ్లకోసారి పదేసి శాతం పెరిగి ఇప్పుడు 48,400, 18,150, 18,150 అయ్యాయి. అన్నీ కలిపితే ఇంకొక 2,29,900.

ఇప్పుడు ఆదాయం రుజువు కాలేదనుకోండి. అప్పుడు ట్రిబ్యునల్ తనే ఒక ఆదాయాన్ని ఊహిస్తుంది. కర్ణాటకలో లోక్ అదాలత్‌ల కోసం న్యాయసేవల సంస్థ తయారుచేసిన ఏడాదివారీ పట్టికను చాలామంది న్యాయమూర్తులు చూస్తారు. ఉదాహరణకు నెలకు 16,000 అని తీసుకుంటే ఇదే లెక్క 32,25,600 దగ్గర ఆగుతుంది. అంటే నెలకు 9,000 తేడా చివరికి 18,14,400 తేడా అవుతుంది. పాతిక శాతం తీసుకునే ఏజెంటు గురించి మనం ఎంతైనా తిట్టుకుంటాము గానీ, సంపాదనకు రుజువు లేకపోవడం మేస్త్రీ కుటుంబం దగ్గర అంతకన్నా పెద్ద వాటానే తీసుకుంటుంది.

కె.ఆర్.పురం శ్రీను (ఆదివారం, సాయంత్రం 6.00)

ఇంత చిన్న విషయానికి ఆందోళన ఎందుకండీ? తెలిసిన కాంట్రాక్టరు ఎవరైనా ఉంటే నెలకు 40,000 ఇచ్చేవాడినని లెటర్‌హెడ్ మీద రాయించి సీలు వేయిస్తే సరిపోతుంది. అందరూ చేసేదే. ఇంకొక ప్రశ్న కూడా ఉంది: గుద్దిన బండి ఏదో తెలియకపోతే ఏమి చేస్తారు?

హెబ్బాళ ప్లీడరు (ఆదివారం, రాత్రి 8.45)

శ్రీను గారూ, మీ రెండో ప్రశ్నకు ముందు జవాబు చెబుతాను. బండి ఆచూకీ తెలియని కేసుల్లో 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లో ఉన్న పథకం ప్రకారం మరణానికి 2 లక్షలు ఇస్తారు. అంతకుముందు అది 25,000 మాత్రమే. ప్రమాదం జరిగిన ప్రాంతపు రెవెన్యూ అధికారి విచారణ చేస్తే, కలెక్టరు మంజూరు చేస్తారు.

మొదటి సలహా మాత్రం దయచేసి ఎవరూ పాటించవద్దు. ఆ కాంట్రాక్టరు బోనులోకి వచ్చి, జీతాల రిజిస్టరు ఏది, బ్యాంకు ఖాతా ఏది, నువ్వు కట్టిన జీఎస్టీ రిటర్న్ ఏది అన్న మూడు ప్రశ్నలకు నిలబడాలి. నిలబడలేకపోతే అబద్ధపు సర్టిఫికెట్‌తో పాటు నిజమైన ఆధారాల మీద కూడా న్యాయమూర్తికి నమ్మకం పోతుంది. చనిపోయిన తరువాత హడావుడిగా వేసే ఆదాయపు పన్ను రిటర్న్ పరిస్థితి కూడా అంతే. మేస్త్రీల దగ్గర నిజమైన ఆధారాలే ఉంటాయి, వెతకాలి. శనివారం శనివారం ఫోన్‌పేలో పడిన కూలి, ఇంటి అద్దె ఒప్పందం, పిల్లల బడి ఫీజు రసీదులు, చీటీ పాట పుస్తకం, ఇవన్నీ కలిపి చూపితే ఆ కుటుంబం నెలకు ఎంత ఖర్చుతో బతికిందో తెలుస్తుంది. జీతం సర్టిఫికెట్ లేనంత మాత్రాన ఆదాయాన్ని కనీస వేతనం దగ్గరే ఆపేయనక్కరలేదని 2021లో సుప్రీంకోర్టు చెప్పింది.

వకాలత్‌నామా సంగతి. వచ్చే డబ్బులో ఇంత శాతం అని ఫీజు మాట్లాడుకోవడాన్ని బార్ కౌన్సిల్ నిబంధనలు నిషేధిస్తున్నాయి. నా వృత్తిలోనివారే పాటించని నిబంధన అది, దాచడం ఎందుకు? అలాంటివారు వద్దనుకుంటే, మహిళలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం పొందే హక్కు 1987 నాటి న్యాయసేవల చట్టంలో ఉంది. మీ మరదలు జిల్లా న్యాయసేవాధికార సంస్థకు దరఖాస్తు ఇస్తే చాలు.

గడువును కూడా మరవకండి. 2022 ఏప్రిల్ నుంచి, ప్రమాదం జరిగిన ఆరు నెలల్లో పిటిషన్ వేయాలన్న నిబంధన మళ్లీ వచ్చింది. గడువు దాటిందన్న ఒక్క కారణంతో పిటిషన్లను కొట్టివేయవద్దని 2025 నవంబరులో సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది గానీ, మధ్యంతర ఉత్తర్వును నమ్ముకుని ఆలస్యం చేయడం తెలివైన పని కాదు.

బ్యాంకు రాధ (సోమవారం, ఉదయం 9.10)

కోర్టుతో సంబంధం లేని చిన్న విషయం. మీ తమ్ముడి పాస్‌బుక్‌లో ఏటా మే నెలాఖరు ప్రాంతంలో 20 రూపాయలు కట్ అయినట్లు ఉందేమో చూడండి. ఉంటే అది ప్రధానమంత్రి సురక్షా బీమా; మరణానికి 2 లక్షలు వస్తాయి, తప్పు ఎవరిదన్నది చూడరు. చాలా కుటుంబాలకు ఆ 20 రూపాయలు ఎందుకు పోతున్నాయో కూడా తెలియదు. ఎల్ఐసీ పాలసీ ఉన్నా అడగడానికి వెనుకాడకండి. జీవితబీమా డబ్బును ప్రమాద పరిహారం నుంచి తగ్గించరు.

బొమ్మసంద్ర రమణ (బుధవారం, రాత్రి 10.20)

అందరికీ కృతజ్ఞతలు. మీరు చెప్పిన ప్రకారం తిరిగితే కొన్ని విషయాలు తెలిశాయి. బైకు తమ్ముడి పేరు మీదే ఉంది, లైసెన్సు కూడా ఉంది, కానీ పాలసీలో థర్డ్ పార్టీ ప్రీమియం తప్ప వ్యక్తిగత ప్రమాద బీమా తీసుకోలేదు. కనుక 15 లక్షల ఆశ లేదు. పాస్‌బుక్‌లో 20 రూపాయల ఎంట్రీ ఉంది.

ఆ రాత్రి వెనుకే వేరే బైకులో వచ్చిన అతని హెల్పరు తన ఫోనులో రెండు ఫొటోలు తీశాడు. మొదటిదానిలో టిప్పరు వెనుక భాగం కనిపిస్తోంది: నంబరు ప్లేటు మీద సగం దాకా ఎండిన బురద, ఎర్ర రిఫ్లెక్టర్ టేపు ఉండాల్సిన చోట చిరిగిపోయిన ముక్క ఒకటి, వెనుక చక్రం కింద ఒక రాయి. రెండో ఫొటో కొద్దిసేపటి తరువాత తీసినది. అందులో బండి వెనుక రోడ్డు మీద పచ్చి చెట్టుకొమ్మ ఒకటి అడ్డంగా పడుంది. మొదటి ఫొటోలో ఆ కొమ్మ లేదు.

అతని అలమరాలో చిన్న డైరీ కూడా దొరికింది. ఏ ఇంట్లో ఎన్ని చదరపు అడుగులు పరిచాడు, అడుగుకు ఎంత, అడ్వాన్సు ఎంత, హెల్పరుకు ఎంత ఇచ్చాడు, అంతా తన చేతిరాతతో రాసుకున్నాడు. హెల్పరు కూలి పోగా నెలకు సగటున 27,000 దాకా మిగిలినట్లు కనిపిస్తోంది, ఫోన్‌పే జమలు చాలావరకు దానితో సరిపోతున్నాయి.

ఇంతలో టిప్పరు బీమా కంపెనీ తరఫున ఒక అధికారి మరదలికి ఫోన్ చేసి, తప్పు మీవాడిదే అయినా 5 లక్షలు ఇప్పించే అవకాశం ఉంది, కోర్టు గొడవ లేకుండా తీసుకోండి అన్నారట. చిన్నమ్మ తీసుకుందామంటోంది. ఇది తీసుకుని తరువాత మిగతాదానికి కేసు నడుపుకోవచ్చా?

హెబ్బాళ ప్లీడరు (బుధవారం, రాత్రి 11.30)

నడుపుకోలేరు. ఈ చర్చలో అన్నిటికన్నా ముఖ్యమైన ప్రశ్న ఇదే. ఆయన చెప్పేది 164వ సెక్షన్ కింద, తప్పు ఎవరిదో చూడకుండా మరణానికి ఇచ్చే 5 లక్షల గురించి. ఆ మొత్తాన్ని 149వ సెక్షన్‌లో చెప్పిన రాజీ పద్ధతి ప్రకారం అంగీకరించి తీసుకుంటే, ట్రిబ్యునల్ ముందున్న క్లెయిమ్ పిటిషన్ రద్దవుతుందని 166వ సెక్షన్‌లోనే రాసి ఉంది. మాస్టారు గారి లెక్కలో సగం కోత పడినా మీకు రావలసింది దానికి ఎన్నో రెట్లు. ఆ రెండు ఫొటోలు, హెల్పరు వాంగ్మూలం ఉన్న కేసును 5 లక్షలకు వదులుకోమని నేను ఎవరికీ చెప్పను. కంపెనీ వాళ్లు ఏమి చెప్పాలన్నా రాతపూర్వకంగా పంపమనండి, అంతవరకు మీ మరదలు ఏ కాగితం మీదా సంతకం పెట్టకూడదు.

పలమనేరు వాసి (గురువారం, ఉదయం 6.50)

హెచ్చరికగా వేసే చెట్టుకొమ్మను ప్రమాదం తరువాతే పెట్టినట్లు ఆ ఫొటోలు చూపుతున్నాయి కనుక నా అంచనా కొంత మార్చుకుంటున్నాను. అయినా చిన్నమ్మ గారి మాటను కొట్టిపారేయకండి. కేసు ఏళ్ల తరబడి నడుస్తుంది. గెలిచాక కూడా కంపెనీ హైకోర్టుకు వెళితే డబ్బు మొత్తం ఒక్కసారిగా చేతికి రాదు. పిటిషన్ వేసిన రోజు నుంచి వడ్డీ లెక్కగడతారు గానీ, వచ్చే నెల బియ్యానికి ఆ వడ్డీ పనికిరాదు. సురక్షా బీమా 2 లక్షలు త్వరగా తెప్పించి ఆవిడ చేతిలో పెడితే, 5 లక్షలకు తొందరపడే అవసరం తగ్గుతుంది.

సుజాత, మారతహళ్ళి (గురువారం, ఉదయం 8.30)

వాసి గారు చెప్పినది నిజం. దానితో పాటు, హెల్పరు ఊరు మారిపోకముందే అతని వాంగ్మూలం పోలీసుల దగ్గర నమోదు చేయించండి. పనివాళ్లు ఇవాళ బొమ్మసంద్రలో ఉంటే వచ్చే నెల ఏ ఊళ్లో ఉంటారో తెలియదు. పర్మనెంటు చిరునామా, ఇంట్లోవాళ్ల ఫోన్ నంబరు కూడా రాసిపెట్టుకోండి.

బొమ్మసంద్ర రమణ (గురువారం, రాత్రి 9.00)

చిన్నమ్మతో మాట్లాడాను, ఒప్పుకుంది. కేసు బెంగళూరులోనే వేస్తున్నాము. న్యాయసేవల సంస్థ ద్వారా ప్లీడరును అడిగాము. సురక్షా బీమా ఫారం రేపు బ్యాంకులో ఇస్తాను. డైరీని, హెల్పరు ఫోనును ప్లీడరుకు అప్పగించమంటారా?

హెబ్బాళ ప్లీడరు (గురువారం, రాత్రి 9.35)

అప్పగించకండి. డైరీలో ప్రతి పేజీ జిరాక్సు తీసి ఇవ్వండి, అసలు డైరీ మీ దగ్గరే ఉంచి సాక్ష్యం రోజున కోర్టులో మార్క్ చేయించండి. ఫొటోలు హెల్పరు ఫోనులోనుంచి చెరిగిపోకూడదు. వాట్సాప్‌లో పంపిన ప్రతిలో తీసిన సమయం వివరాలు పోతాయి కనుక, అసలు ఫైళ్లను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి, ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి ఇవ్వాల్సిన సర్టిఫికెట్‌ను అతని సంతకంతో, నిపుణుడి సంతకంతో జతచేయండి.